మార్కప్ పుస్తకానికి తెలుగే అసలు పరీక్ష

సంపాదకుల వారికి నమస్కారం.

సాఫ్ట్‌వేర్ పాఠాలు చెప్పేవారు తమ క్లాసు నోట్సును పుస్తకాలుగా తీసుకురావడం మంచి పని. విశాఖ ద్వారకానగర్ దుకాణాల్లో జావా, పైతాన్ పుస్తకాల పక్కన ఎక్స్‌ఎంఎల్, జేసన్ (డేటాను ప్రోగ్రాంలు చదవగలిగేలా రాసిపెట్టే పద్ధతులు) గురించి తెలుగులో రాసిన మంచి పుస్తకం కనిపించాలని కోరుకునేవాళ్లలో మేమూ ఉన్నాం. అలాంటి పుస్తకం రాయబోయేవారికీ, దాన్ని మీ పత్రికలో సమీక్షించేవారికీ ఒక మాట గట్టిగా చెప్పాలని ఈ ఉత్తరం రాస్తున్నాం. ఉదాహరణలన్నీ ఇంగ్లిషు పేర్లతో, అమెరికా చిరునామాలతో నింపితే, పాఠంలో ఏది ఏమిటో ట్యాగులతో గుర్తుపెట్టే మార్కప్‌లోని అసలు చిక్కులు ఒక్కటీ బయటపడవు. తెలుగు అక్షరాలు, మన దుకాణాల పేర్లు, మన తేదీలు, మన పద్యాలు పెట్టి చూడండి, మొదటి పేజీలోనే బయటపడతాయి. విద్యార్థి నేర్చుకోవాల్సింది ఆ చిక్కులే.

చరిత్రకు అరపేజీ చాలు. 1986లో ఐఎస్‌ఓ ప్రమాణమైన పాత మార్కప్ భాష ఎస్‌జీఎంఎల్‌ను కుదించి, వెబ్ ప్రమాణాలు రూపొందించే సంస్థ డబ్ల్యూ3సీ 1998 ఫిబ్రవరి 10న ఎక్స్‌ఎంఎల్ 1.0ను సిఫారసుగా విడుదల చేసింది. ఆ అరపేజీలో తప్పకుండా ఉండాల్సిన విషయం ఒకటుంది. ఎక్స్‌ఎంఎల్‌లో ట్యాగు పేర్లు తెలుగులో పెట్టుకోవడానికి మొదటి కూర్పు నుంచీ అనుమతి ఉంది. కింది ముక్కను ఏ పార్సర్‌కు (అంటే ఇలాంటి ఫైలును చదివి భాగాలుగా విడదీసే ప్రోగ్రాంకు) ఇచ్చినా మారుమాట్లాడకుండా చదువుతుంది.

<బస్సు రకం="ఆర్డినరీ">
  <నుంచి>ఆర్టీసీ కాంప్లెక్స్</నుంచి>
  <వరకు>సింహాచలం</వరకు>
  <బయలుదేరే_వేళ>06:10:00</బయలుదేరే_వేళ>
</బస్సు>

ఈ అయిదు వరుసల మీదే ఒక అధ్యాయం రాయవచ్చు. ‘బయలుదేరే’, ‘వేళ’ల మధ్య అడుగుగీత తీసి ఖాళీ వదిలితే, పేరు ‘బయలుదేరే’ దగ్గరే అయిపోయిందనుకుని ‘వేళ’ను యాట్రిబ్యూటుగా (పైన ‘రకం’ లాగా ట్యాగులోనే ఉండే అదనపు వివరంగా) చదవబోతుంది పార్సర్. దాని తర్వాత సమానం గుర్తు లేదని ఆగిపోతుంది. ‘2వ_ట్రిప్పు’ అని అంకెతో మొదలుపెట్టినా ఒప్పుకోదు. వేళను మనం రోజూ రాసుకునేట్టు 6.10 అని రాస్తే ఫైలు నిర్మాణం చెడదు కానీ, స్కీమాలో (ఫైలులో ఏది ఎలా ఉండాలో చెప్పే నియమాల పత్రంలో) దాన్ని కాలంగా ప్రకటించి ఉంటే తనిఖీలో పోతుంది. గంటలు, నిమిషాలు, సెకన్లు రెండేసి అంకెలతో, మధ్యలో కోలన్లతో ఉండాలి. స్కీమా లేకపోతే ఇంకా ప్రమాదం. ఆ 6.10ని ప్రోగ్రాం దశాంశంగా తీసుకుని 6.1 చేస్తుంది, ఎవరికీ ఏ ఎర్రరూ కనిపించదు. నిర్మాణం సరిగ్గా ఉండటం ఒకటి, స్కీమాకు సరిపోవడం మరొకటి అని నిర్వచనాలు బట్టీ పట్టించే బదులు ఈ ఒక్క వేళను చూపిస్తే చాలు.

ఇప్పుడు కంటికి కనిపించని తప్పు సంగతి. ‘బస్’ అని పొల్లుతో ముగిసే పేరును ట్యాగుగా పెట్టారనుకోండి. కొన్ని తెలుగు కీబోర్డులు పొల్లు తర్వాత జీరో విడ్త్ నాన్-జాయినర్ అనే అక్షరాన్ని తమంతట తామే చేరుస్తాయి. ప్రతి అక్షరానికీ ఒక సంఖ్య ఇచ్చే యూనికోడ్‌లో దాని సంఖ్య 200సీ. ‘సాఫ్ట్‌వేర్’ లాంటి మాటల్లో ట-కారం కింద వ-వత్తు పడకుండా ఆపేది అదే కాబట్టి తెలుగుకు అది అవసరం. మాట చివర ఉంటే మాత్రం దాని జాడే తెలియదు. తెరిచే ట్యాగులో అది ఉండి మూసే ట్యాగులో లేకపోతే, ‘బస్’కూ ‘బస్’కూ పొంతన లేదని పార్సర్ అంటుంది. విద్యార్థి ఆ రెండు మాటలనూ పదిసార్లు చూసినా తేడా దొరకదు. ఎడిటర్‌లో కర్సర్‌ను బాణం కీతో ఒక్కో అక్షరం జరుపుతూ పోవాలి. ఒక చోట కీ నొక్కినా కర్సర్ కదలకపోతే అక్కడ ఏదో దాగి ఉన్నట్టు. ఎడిటర్‌ను బట్టి ఈ ఉపాయం ఒక్కోసారి పారదు. అప్పుడు ఫైలును బైట్లలో చూపించే హెక్స్ వీక్షణలో తెరిచి ఈ2, 80, 8సీ అనే వరుస కోసం వెతకాలి. ఎక్స్‌ఎంఎల్ 1.0 అయిదో కూర్పు 2008లో వచ్చాకే పేర్లలో ఈ అక్షరానికి చోటు దొరికింది. అంతకు ముందరి కూర్పుల నియమాలు పాటించే పార్సర్లు దాన్ని పేరులో అసలు రానివ్వవు. ఒక యంత్రంలో నడిచిన ఫైలు మరో యంత్రంలో ఆగిపోవడానికి ఇదొక కారణం. మా సలహా ఒకటే. విషయంలో ఆ అక్షరాన్ని ఉంచండి, ట్యాగు పేర్లలోంచి తీసేయండి. పొల్లుతో ముగియని పేర్లు ఎంచుకుంటే బాధే లేదు. పై ఉదాహరణలో ‘బస్’ అనకుండా ‘బస్సు’ అన్నది అందుకే.

మన ఊరి పేరులోనే ఇంకో చిక్కు ఉంది. ‘వైజాగ్’లోని ఐత్వాన్ని యూనికోడ్‌లో రెండు రకాలుగా రాయవచ్చు. 0సీ48 అనే ఒకే సంఖ్యతో రాయవచ్చు, లేదా ఎత్వం 0సీ46, దాని కింది గుర్తు 0సీ56, ఈ రెంటినీ పక్కపక్కన పెట్టి రాయవచ్చు. తెర మీదా అచ్చులోనూ రెండూ ఒకటే. ఎక్స్‌పాత్ 1.0 (ఫైలులో కావాల్సిన భాగాన్ని వెతికే భాష) మాత్రం అక్షర సంఖ్యలను ఒక్కొక్కటిగా పోల్చి, ఇవి వేర్వేరు మాటలని తేలుస్తుంది. రెండు చోట్ల నుంచి వచ్చిన చిరునామాలను కలిపినప్పుడు కొన్ని ‘వైజాగ్’లు జాబితాలో రాకుండా పోవడం ఇలాగే జరుగుతుంది. పార్సర్ తనంతట తాను వీటిని ఒక్కటి చేయదు. ఫైలు లోపలికి తీసుకునేటప్పుడే పాఠాన్ని ఎన్‌ఎఫ్‌సీ అనే, ఒక అక్షరానికి ఒకే రాత ఉండే రూపంలోకి మార్చాలి. ఎక్స్‌పాత్ 2.0లో, అంటే 2007 నుంచి, దీనికి విడిగా ఫంక్షన్ ఉంది.

పొడవు లెక్క కూడా తెలుగులోనే అర్థమవుతుంది. ‘విశాఖపట్నం’ అన్న మాటలో కంటికి అయిదు అక్షరాలు. గుణింతాలు, పొల్లు, సున్న విడివిడిగా లెక్కేసుకునే యూనికోడ్‌కు అవి పది. వాటిని బైట్లుగా దాచే యూటీఎఫ్-8 పద్ధతిలో ఒక్కోదానికి మూడు బైట్లు కాబట్టి ముప్పై బైట్లు. స్కీమాలో గరిష్ఠ పొడవు 10 అని పెడితే ఈ పేరు సరిగ్గా పడుతుంది, పక్కన ‘జిల్లా’ చేర్చగానే తనిఖీలో పోతుంది. స్కీమా అక్షర సంఖ్యలను లెక్కపెడుతుంది, కొన్ని డేటాబేసుల్లో నిడివి బైట్లలో ఉంటుంది, ఫారం నింపే మనిషి కంటితో చూసుకుంటాడు. మూడు లెక్కలూ మూడు రకాలు. ఇంగ్లిషు ఉదాహరణలో ఈ మూడూ ఒకటే సంఖ్య కావడంతో పాఠం మరుగున పడిపోతుంది.

ఎన్‌కోడింగ్ ప్రకటన, అంటే అక్షరాలను ఏ పద్ధతిలో బైట్లుగా దాచారో చెప్పే వరుస గురించి ఒక అపోహ పోగొట్టాలి. ఫైలు మొదటి వరుసలో యూటీఎఫ్-8 అని రాసినంత మాత్రాన ఫైలు యూటీఎఫ్-8 అయిపోదు. డబ్బా మీద కందిపప్పు అని చీటీ అంటిస్తే లోపలి శనగపప్పు మారుతుందా? సేవ్ చేసేటప్పుడు ఎంచుకున్న ఎన్‌కోడింగే అసలు సంగతి. పాత నోట్‌ప్యాడ్‌లో ఆన్సీ అనే పాత ఎన్‌కోడింగ్‌లో సేవ్ చేస్తే తెలుగు అక్షరాల స్థానంలో ప్రశ్నార్థకాలు పడేవి. అలా పోయిన పాఠం తిరిగి రాదు, ఏ పార్సరూ తెచ్చిపెట్టలేదు. ఆ ప్రకటనకు ముందు ఒక్క ఖాళీ వరుస ఉన్నా ఎర్రరే, ఎందుకంటే అది ఫైలులో మొట్టమొదటి అక్షరం నుంచే మొదలవ్వాలి. అచ్చు ఫాంట్ల సంగతి కూడా ఇక్కడే చెప్పాలి. డీటీపీలో ఏళ్ల తరబడి వాడిన యూనికోడ్ కాని ఫాంట్లలో తెలుగు కనిపిస్తుందే కానీ ఫైలు లోపల ఉన్నవి రోమన్ అక్షరాలు, గుర్తులు. ఆ పాఠాన్ని నేరుగా ట్యాగుల మధ్య అతికిస్తే గజిబిజి మిగలడమే కాదు, ఆ గుర్తుల్లో చిన్నది అనే కోణం గుర్తు ఉంటే పార్సర్ దాన్ని ట్యాగు అనుకుని పడిపోతుంది. ముందు యూనికోడ్‌లోకి మార్చి, చదివి సరిచూసి, ఆ తర్వాతే మార్కప్ చేయాలి.

పూర్ణా మార్కెట్‌లో దుకాణాల బోర్డులు చూసుకుంటూ నడిస్తే ‘& సన్స్’, ‘& కో’, ‘& బ్రదర్స్’ కనిపిస్తూనే ఉంటాయి. ఎక్స్‌ఎంఎల్‌లో & గుర్తును అలా వదిలేయకూడదు. ఆ గుర్తు వెనకే ఏ, ఎమ్, పీ అనే చిన్న రోమన్ అక్షరాలు, సెమికోలన్ రావాలి. ఇది ప్రతి పుస్తకంలోనూ ఉంటుంది. తర్వాత జరిగేది మాత్రం ఉండదు. ఒక ప్రోగ్రాం ఇలా మార్చిన పాఠాన్ని మరో ప్రోగ్రాం మళ్లీ మారుస్తుంది, చివరికి బిల్లు మీద దుకాణం పేరు మధ్యలో ఆ అక్షరాలూ సెమికోలనూ అచ్చవుతాయి. ట్యాగులను కొటేషన్లలో పెట్టి ప్రింట్ స్టేట్‌మెంట్లతో అతికించి ఎక్స్‌ఎంఎల్ తయారుచేయడం నేర్పించడమే దీనికి మూలం. ఎక్స్‌ఎంఎల్ రాసే పని దానికోసమే ఉన్న ప్రోగ్రాం లైబ్రరీకి అప్పగించాలి, పేరును ఉన్నదున్నట్టు ఇవ్వాలి. ఇలా గుర్తును మార్చి రాయడం (ఎస్కేప్ చేయడం) ఒక్క చోట, చిట్టచివర, ఒక్కసారే జరగాలి. ట్యాలీలోకి వోచర్లు ఎక్స్‌ఎంఎల్‌గా దింపేవారికి ఇది రోజువారీ పని. లెడ్జర్ పేరు అక్షరం తేడా లేకుండా కలవాలి. అక్కడ తేదీ గీతలేవీ లేకుండా 20240401 అని ఉండాలి, అదే స్కీమా ప్రమాణంలోనైతే 2024-04-01. మనం చేత్తో రాసే 01-04-2024 రెంటిలోనూ చెల్లదు.

జేసన్ గురించి రాసేవారు ‘ఎక్స్‌ఎంఎల్ కాలం అయిపోయింది’ అనే వాక్యంతో మొదలుపెట్టడం మానాలి. ఆదాయపు పన్ను రిటర్నులు 2021 నుంచి ఎక్స్‌ఎంఎల్ వదిలి జేసన్‌కు మారిన మాట నిజం. జీఎస్టీ ఆఫ్‌లైన్ టూలు ఇచ్చేదీ జేసనే. కానీ కొన్ని తరగతుల కంపెనీలు తమ ఆర్థిక నివేదికలను 2011 నుంచి దాఖలు చేస్తున్న ఎక్స్‌బీఆర్‌ఎల్ పునాది ఎక్స్‌ఎంఎల్. వర్డ్ ఫైలు పేరు చివర జిప్ అని మార్చి తెరిస్తే లోపల ఉండేదీ ఎక్స్‌ఎంఎలే, ఈ-పుస్తకాల ఈపబ్ కూడా అంతే. రెండూ నేర్పాలి, దేనికి ఏది తగునో చెప్పాలి.

జేసన్‌లో మన ఊరి ఎస్‌టీడీ కోడ్ ఒక మంచి ఉదాహరణ. 0891ని సంఖ్యగా రాస్తే ఎర్రర్ వస్తుంది, ఎందుకంటే జేసన్‌లో సంఖ్య ముందు సున్న ఉండకూడదు. ఎర్రర్ పోవడానికి సున్న తీసేస్తే కోడే మారిపోతుంది. ఎక్స్‌ఎంఎల్ స్కీమాలో పూర్ణసంఖ్య అని ప్రకటిస్తే 0891ని ఒప్పుకుంటుంది కానీ విలువ 891గానే తీసుకుంటుంది. కూడికలు, తీసివేతలు చేయని అంకెలు ఏవైనా సరే, ఫోన్ నంబరు, పిన్ కోడ్, ఖాతా నంబరు, అన్నీ కొటేషన్లలో పాఠంగానే ఉండాలి. బ్యాంకు ఖాతా నంబరు దగ్గర ఇది డబ్బుతో కూడిన వ్యవహారం. జావాస్క్రిప్ట్ తేడా రాకుండా పట్టుకోగల పెద్ద పూర్ణసంఖ్య 9007199254740991, అంటే పదహారు అంకెలు. ఎక్సెల్ పదిహేను అంకెలే నిలుపుకుంటుంది. అంతకన్నా పొడుగు నంబరు సంఖ్యగా వెళితే చివరి అంకెలు మారిపోతాయి, ఎర్రరేమీ రాదు. ఆఖరి అంశం తర్వాత కామా ఉండకూడదు, వ్యాఖ్యలకు చోటు లేదు, ఒంటి కొటేషన్లు చెల్లవు అనేవి ఒక పేరాలో చెప్పి ముందుకు పోవచ్చు.

సంతకం ఉన్న ఫైళ్ల గురించి కూడా పుస్తకంలో ఉండాలి. ఆధార్ ఆఫ్‌లైన్ ఈ-కేవైసీ ఫైలు షేర్ కోడ్‌తో తెరుచుకునే జిప్‌లో, డిజిటల్ సంతకంతో కూడిన ఎక్స్‌ఎంఎల్‌గా వస్తుంది. చదవడానికి వీలుగా ఉంటుందని దాన్ని ఎడిటర్‌లో వరుసలు విడగొట్టి సేవ్ చేస్తే సంతకం చెల్లదు. ఒక్క పేరూ మారకపోయినా, ట్యాగుల మధ్య చేరిన ఖాళీలు కూడా లెక్కలోకి వస్తాయి. చూడాలంటే నకలు తీసుకుని చూడాలి, అసలును ముట్టుకోకూడదు.

నేమ్‌స్పేస్‌ల (ఒకే పేరున్న ట్యాగులు కలిసిపోకుండా వాటికి తగిలించే ఇంటిపేరు లాంటివి) దగ్గర విద్యార్థులు ఎక్కువగా చిక్కుకునేది ఒక్క చోటే. ఫైలు మొదట్లో ప్రిఫిక్స్ (పేరుకు ముందు తగిలించే పొట్టి గుర్తు) లేని డిఫాల్ట్ నేమ్‌స్పేస్ ప్రకటించి ఉంటుంది. ఎక్స్‌పాత్ 1.0లో ‘బస్సు’ అని అడిగితే ఏ నేమ్‌స్పేస్‌లోనూ లేని బస్సు కోసమే వెతుకుతుంది, ఏమీ దొరకదు, ఎర్రరూ ఇవ్వదు. ప్రోగ్రాంలో ఆ నేమ్‌స్పేస్‌కు ఏదో ఒక ప్రిఫిక్స్ తగిలించి, దాంతోనే అడగాలి. నేమ్‌స్పేస్ వెబ్ చిరునామాలా కనిపించినా పార్సర్ దాన్ని ఇంటర్నెట్‌లో తెరవదు, అది పేరు మాత్రమే. చివర ఒక్క ఏటవాలు గీత ఎక్కువైనా అది వేరే పేరు.

ఇక మా మనసుకు దగ్గరైన విషయం, పద్యం. అసలు మార్కప్ అనేది పుట్టిందే పాఠం కోసం, పట్టికల కోసం కాదు. కందపద్యం తీసుకోండి. నాలుగు పాదాలు, ఒకటి మూడు పాదాల్లో మూడేసి గణాలు, రెండు నాలుగు పాదాల్లో అయిదేసి. పద్యం అనే ఎలిమెంటులో (తెరిచే ట్యాగు నుంచి మూసే ట్యాగు దాకా ఉన్న భాగంలో) పాదం కనీసం 4, గరిష్ఠం 4 అని స్కీమా రాస్తే పాదం తగ్గినా పెరిగినా పట్టుకుంటుంది. పాదంలో గణాలను కూడా ట్యాగులుగా పెడితే, మూడు-అయిదు లెక్కను 2012లో వచ్చిన స్కీమా 1.1లోని అసర్షన్లనే షరతులతోనో, అలాంటి షరతులే రాసే స్కీమాట్రాన్‌తోనో తనిఖీ చేయించవచ్చు. ఇంతవరకు హాయిగా సాగుతుంది. ఇప్పుడు పాదాలతో పాటు మాటలను కూడా ట్యాగు చేయండి. బడిపిల్లలందరికీ నోటికొచ్చిన ‘అక్కరకు రాని చుట్టము’ చూడండి. రెండో పాదం ‘దా’ దగ్గర ఆగుతుంది, మూడోది ‘నెక్కిన’ అని మొదలవుతుంది. ‘తాను ఎక్కిన’ అన్నది పాదం గట్టు దాటింది. మాట ట్యాగు రెండో పాదంలో తెరుచుకుని మూడో పాదంలో మూసుకోవాలి. ఎక్స్‌ఎంఎల్ అది ఒప్పుకోదు. లోపల తెరిచింది లోపలే మూయాలి.

ఒక దారి, పాదాన్ని డబ్బాలా కాకుండా సరిహద్దు రాయిలా పెట్టడం. పాదం ముగిసిన చోట <పాదాంతం/> అని ఖాళీ ట్యాగు పెడితే మాట దాన్ని దాటి పోగలదు. కానీ పాదంలో ఎన్ని గణాలున్నాయని అడిగే సులువు పోతుంది. రెండో దారి, మాటను రెండు ముక్కలు చేసి, ఒకదానికి ‘మొదలు’ అని, రెండోదానికి ‘చివర’ అని యాట్రిబ్యూటు తగిలించడం. ఇక్కడ తెలుగు ఇంకో మెలిక పెడుతుంది. ‘నె’లో న-కారం ‘తాను’ది, ఎత్వం ‘ఎక్కిన’ది. సంధి కుదిరి ఒకే అక్షరం రెండు మాటల సొత్తయింది. న తర్వాత, ఎత్వానికి ముందు ట్యాగు పెడితే పార్సర్ ఏమీ అనదు. తెర మీద మాత్రం ఎత్వం ఒంటరిదై, చుక్కల వలయం మీద వేలాడుతుంది. కాబట్టి మూడో దారే సరైనదని మా అభిప్రాయం. పద్యాన్ని ఉన్న రూపంలో ‘మూలం’ అనే ఎలిమెంటులో పాదాలవారీగా ఉంచి, ‘తాను ఎక్కిన’ అని పదాలు విడదీసిన రూపాన్ని పక్కనే ఇంకో ఎలిమెంటులో ఉంచి, రెంటినీ గుర్తింపు సంఖ్యలతో కలపాలి. వెతుకులాట విడి రూపంలో జరుగుతుంది, చూపించేది మూలాన్ని. పాత పాఠాల్లోని అరసున్న కూడా ఈ పద్ధతిలో వెతుకులాటకు అడ్డం రాదు. పాఠాల మార్కప్‌కు పద్ధతులు రూపొందించే, 1987లో మొదలైన టెక్స్ట్ ఎన్‌కోడింగ్ ఇనీషియేటివ్ వారు ఈ దాటుడు సమస్యకు ఇలాంటి పద్ధతులు వివరంగా రాసి పెట్టారు. మన సంధి గురించి రాయాల్సింది మాత్రం తెలుగువారే. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో తెలుగు, కంప్యూటర్ సైన్సు రెండు శాఖలూ ఉన్నాయి. ఈ అధ్యాయాన్ని ఆ రెండు శాఖలవారూ కలిసి రాస్తే ఎంతో బాగుంటుంది.

ఇంత జాగ్రత్తగా రాసిన పుస్తకాన్ని అచ్చు పాడు చేయకుండా చూసుకోవాలి. డీటీపీలో నిటారు కొటేషన్లు వంకర కొటేషన్లుగా మారిపోతాయి. యాట్రిబ్యూటు విలువకు వంకరవి చెల్లవు. వ్యాఖ్య మొదట్లో ఉండే రెండు హైఫన్లు కలిసిపోయి ఒక పొడుగు గీత అవుతాయి, పొడుగాటి ట్యాగు వరుస చివర విరిగినప్పుడు మధ్యలో ఒక హైఫన్ చేరుతుంది. పుస్తకం చూసి టైపు చేసిన విద్యార్థి తప్పు తనదే అనుకుంటాడు. రచయిత పార్సర్‌కు ఇచ్చి సరిచూసిన ఫైలు నుంచే పేజీలోకి పాఠం రావాలి, మధ్యలో ఎవరూ మళ్లీ టైపు చేయకూడదు. తెలుగు అక్షరాలకు సమాన వెడల్పు ఉండదు కాబట్టి సమానం గుర్తులను ఒకదాని కింద ఒకటి పేర్చే ప్రయత్నం వద్దు. ప్రతి మెట్టుకూ రెండు ఖాళీలు చాలు. ప్రతి అధ్యాయంలో కావాలని చెడగొట్టిన ఫైలు ఒకటైనా ఉండాలి, దాని కింద పార్సర్ ఇచ్చిన సందేశం అక్షరం మార్చకుండా ఉండాలి, ఏ పార్సర్, ఏ వెర్షన్ అనేదీ ఉండాలి.

మీ సమీక్షకులకు ఒక విన్నపం. ఇలాంటి పుస్తకం బల్ల మీదికి వచ్చినప్పుడు అందులోంచి మూడు ఉదాహరణలు టైపు చేసి నడిపించి చూడండి. వాటిలో ఒక పేరును & ఉన్న దుకాణం పేరుగా, ఒక ఊరును ‘వైజాగ్’గా, ఒక ఫోన్ కోడ్‌ను 0891గా మార్చి మళ్లీ నడపండి. ఏ మార్పు దగ్గర ఏం జరిగిందో, దానికి పుస్తకంలో సమాధానం ఉందో లేదో సమీక్షలో రాయండి. సమాధానాలున్న పుస్తకమైతే ఒక ప్రతి ద్వారకానగర్ పౌర గ్రంథాలయంలో ఉండేలా ప్రచురణకర్తలు చూడాలని, ఉదాహరణ ఫైళ్లను కూడా పుస్తకంతో పాటు ఇవ్వాలని కోరుతున్నాం.

ఇట్లు,
ఎంవీపీ కాలనీ, మధురవాడ ప్రాంతాల సాఫ్ట్‌వేర్ బోధకులు కొందరు,
విశాఖపట్నం